అమ్మ మాటకు దుబాసి

"ఓల్మన్, మీ అక్కతో చెప్పు, అన్నం చల్లారిపోతోందని."

"అక్కా, అన్నం చల్లారిపోతోందట."

"విన్నాను. ఆకలి లేదని చెప్పు."

"అమ్మా, అక్కకి ఆకలి..."

"నేనూ విన్నాను. ఆకలి లేని మనిషి వంటింట్లో ఎందుకు కూర్చుందో అడుగు."

ఓల్మన్ చెంచా కింద పెట్టేశాడు. మా వంటిల్లు ఈ గోడ నుంచి ఆ గోడకి ఆరడుగులు కూడా ఉండదు. అమ్మ పొయ్యి దగ్గర, నేను కిటికీ పక్క కుర్చీలో, మా తమ్ముడు మధ్యలో. తొమ్మిది రోజులుగా ఇదే వరస.

"నేనేమన్నా తంతి ఆఫీసునా?" అన్నాడు. "మీరిద్దరూ మాట్లాడుకోరు, నన్ను అన్నం తిననివ్వరు. పొద్దున ముప్పై బస్తాల సీమవంకాయలు లారీకెత్తి వచ్చాను. నాకు ఆకలుంది."

"వాణ్ణి తినమను" అంది అమ్మ.

ఎవరితో అందో మాకు అర్థం కాలేదు. వాడూ నేనూ ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. ఆ గదిలో మేం ముగ్గురమే ఉన్నాం.

అమ్మ కోపం అమ్మది. నా మౌనం మాత్రం నాది కాదు. నేను సంతకం పెట్టిన కాగితానిది.

డెన్మార్క్ కంపెనీని మా ఊరు పేన్యా ఆల్తా దాకా తీసుకొచ్చింది నేనే. గుండె రక్తనాళాల్లోకి పంపే సన్నని గొట్టాలు చేసే కంపెనీ. ఎనిమిది నెలలు దాని వెంట తిరిగాను. ఊరికి నాలుగు వందల ఉద్యోగాలు. తీరా పదకొండు రోజుల కిందట రోడ్డు పటం చేతికొస్తే, ఫ్యాక్టరీకి వెళ్ళే దారి సరిగ్గా అమ్మ సీమవంకాయ పందిరి మధ్యలోంచి పోతోంది. ఆ సాయంత్రమే నేను పనిచేసే ప్రభుత్వ పెట్టుబడుల కార్యాలయం న్యాయ సలహాదారు దోన్ విల్బెర్త్ (దోన్ అంటే మా భాషలో గారు, ఆడవాళ్ళకైతే దోన్యా) నన్ను తన గదికి పిలిచి ఒక కాగితం ముందు పెట్టాడు. కంపెనీ నిర్ణయం తేలేదాకా ఆ నేల గురించి దాని యజమానితో ఒక్క మాటైనా మాట్లాడకూడదు. మాట్లాడితే ఉద్యోగం పోతుంది. యజమాని ఎవరో కాగితంలో పూర్తి పేరుతో ఉంది: ఒదీలీ సొలానో బ్రెనెస్.

మా అమ్మ.

"నేల గురించి మాట్లాడొద్దన్నారు గాని, అన్నం గురించి మాట్లాడొద్దనలేదు కదా" అని ఓల్మన్ మొదటిరోజే అన్నాడు. నిజమే. నేనూ రెండు రోజులు ప్రయత్నించాను. కానీ అమ్మతో ఏ మాట మొదలుపెట్టినా మూడో వాక్యానికి ఆ నేల మీదకే వస్తుంది. వాన అంటే పందిరి. బస్సు అంటే రోడ్డు. మోకాలి నొప్పి అంటే పందిరి కింద నలభై ఏళ్ళు వంగిన నడుము. మూడో రోజు నుంచి నోరు మూసుకున్నాను. అమ్మ దాన్ని చదువుకున్నదాని పొగరనుకుంది. తనూ మూసుకుంది.

కాగితం సంగతి ఓల్మన్ ఆమెకు చెప్పాడు. "కాగితం పెద్దదా, కన్నది పెద్దదా అని అడుగు" అని తిరుగు జవాబు వచ్చింది.

నా వృత్తే మాట్లాడటం. పదహారేళ్ళుగా అదే పని. మా వంశంలో కాలేజీ గుమ్మం తొక్కిన మొదటిదాన్ని నేను; ఊళ్ళో అందరూ నన్ను లిసెన్సియాదా అంటారు, డిగ్రీ ఉన్న మనిషి అని. జెనీవాలో పదకొండు దేశాల వాళ్ళను ఒక బల్ల చుట్టూ కూర్చోబెట్టి, పంచదార మీద సుంకం తగ్గించేదాకా లేవనివ్వని దాన్ని. ఇంట్లో ఉప్పు అందించమని అడగలేకపోతున్నాను.

ఆ రోజు కంపెనీ వాళ్ళు స్థలం చూడటానికి వస్తున్నారు. నేను ఆ ఛాయలకే పోకూడదు కాబట్టి సెలవు పెట్టి ఇంట్లో కూర్చున్నాను. కుర్చీలోంచి కదలకపోతే ఏ తప్పూ జరగదని నా నమ్మకం. అవతల, ఫ్యాక్టరీ కట్టబోయే చోట, ఊరి అభివృద్ధి సంఘం అధ్యక్షుడు దోన్ ఎలాదియో మారింబా మేళంతో, బడిపిల్లలతో, భుజానికి పట్టీతో సిద్ధంగా ఉన్నాడు. భూమి యజమానిగా అమ్మను కూడా రమ్మన్నారు.

"పిలిస్తే వెళ్ళటానికి నేనేమన్నా మేళగత్తెనా?" అంది అమ్మ, పొయ్యితో.

ఐదు గంటలకల్లా యజమాని సరే అనకపోతే కంపెనీ వాళ్ళు అటునుంచి అటే విమానాశ్రయానికి వెళ్ళిపోతారు. వాళ్ళ జాబితాలో రెండో స్థలం వేరే దేశంలో ఉంది. నా ఎనిమిది నెలలూ, ఊరి నాలుగు వందల ఉద్యోగాలూ వాళ్ళతోపాటే విమానమెక్కుతాయి.

మూడింటికి పది నిమిషాలుందనగా మా గేటు ముందు కారు ఆగింది.

అందులోంచి ఇంగర్ స్కోవ్ గారు దిగారు. కంపెనీ తరఫున స్థలం ఎంపిక చేసేది ఆవిడే. పొడుగాటి మనిషి, చంకలో ఫైలు, కాళ్ళకు పొలంలోకి దిగే రబ్బరు బూట్లు. వెనకాలే డ్రైవరు, రాజధాని సాన్ హోసే మనిషి, చేతిలో కార్యక్రమం కాగితం.

"పాల డిపో నుంచి మూడొందల మీటర్లు దక్షిణం అని రాసుంది" అన్నాడు, ముందే తప్పు తనది కాదన్నట్టు. "కొలిచాను. మూడొందలే."

ఆ కార్యక్రమం రాసింది నేను. పన్నెండు పేజీలు. స్కోవ్ గారికి వేరుశెనగలు పడవని కూడా రాశాను. ఫ్యాక్టరీ స్థలం చిరునామా దగ్గరకొచ్చేసరికి మాత్రం, పుట్టిన దగ్గర్నుంచి చెప్పినట్టే చెప్పాను: పాల డిపో నుంచి మూడు వందల మీటర్లు దక్షిణానికి. మేం లెక్కేసే ఆ పాత డిపో పంతొమ్మిదేళ్ళ కిందట కొండచరియ విరిగిపడి కూలిపోయింది. ఇప్పుడక్కడ గడ్డి తప్ప ఏమీ లేదు. అయినా ఊరంతా దూరాలు అక్కణ్ణుంచే కొలుస్తుంది. ఆ గడ్డి ఎక్కడుందో మాకందరికీ తెలుసు. సాన్ హోసే డ్రైవరుకి కనిపించింది కొత్త డిపో. కొత్త డిపో నుంచి మూడొందల మీటర్లు దక్షిణానికి వస్తే మా ఇల్లు.

పదహారేళ్ళ వృత్తిలో నేను చేసిన పొరపాట్లన్నీ ఒక ఎత్తు, ఇది ఒక ఎత్తు.

"మలుపు దాకా వచ్చి దారి చూపిస్తాను, పదండి" అని లేచాను. సరిగ్గా అప్పుడే వాన మొదలైంది. మా లోయలో వానాకాలం మూడింటి వాన గడియారం చూసుకుని వస్తుంది. రేకుల మీద పడే చప్పుడుకి డ్రైవరు గొంతు పెంచాడు. "ఈ వానలో ఆ మట్టిదారి ఎక్కితే కారు మళ్ళీ బయటికి రాదండి. తగ్గాక వెళదాం."

"ఓల్మన్, ఆవిణ్ణి కూర్చోమను" అంది అమ్మ. "కాఫీ దిగుతోంది."

మూడింటికి మా ఊళ్ళో ఏ గడప తొక్కినా కాఫీ తాగకుండా ఎవరూ బయటపడలేరు. అప్పులవాడైనా సరే. స్కోవ్ గారు కూర్చున్నారు. అమ్మ చేతులు తుడుచుకుని, ఎదురుగా నిలబడి, తన పేరు పూర్తిగా చెప్పుకుంది. పరిచయం లేని వాళ్ళ ముందు ఆమె ఎప్పుడూ అంతే.

"ఒదీలీ సొలానో బ్రెనెస్, మీ సేవకురాలిని."

స్కోవ్ గారు ఫైలు తెరిచారు. కాగితం చూశారు. అమ్మను చూశారు. నన్ను చూశారు.

"ఈవిడేనా భూమి యజమాని?" అని ఇంగ్లీషులో అడిగారు. "నేను కలవాల్సింది ఈవిణ్ణే. మీరు మధ్యన ఉండి మాట్లాడించండి."

నేను ఫోను తీసుకుని, స్నానాల గదిలోకి వెళ్ళి దోన్ విల్బెర్త్‌కు ఫోను చేశాను.

ఆయన అంతా విన్నాడు.

"దుబాసి పలికితే తను మాట్లాడినట్టు లెక్క కాదు" అన్నాడు. "గొట్టంలోంచి నీళ్ళు పోతాయి, గొట్టం తాగినట్టు కాదు. మీరు ఒక్క మాట కలపకూడదు, ఒక్క మాట తీయకూడదు. నేను వింటూ ఉంటాను. ఫోను బల్ల మీద పెట్టి స్పీకరు వేయండి."

అలా మా వంటింటి బల్ల మీద, వేయించిన అరటికాయ ముక్కల గిన్నెకూ పంచదార డబ్బాకూ మధ్య, దోన్ విల్బెర్త్ కూడా వచ్చి కూర్చున్నాడు.

"ఆ పెట్టెలో ఎవరు?" అని అడిగింది అమ్మ.

"అక్క ఆఫీసు వకీలు" అన్నాడు ఓల్మన్.

"నమస్కారమండీ. కాఫీ తాగారా?"

"తాగాను, దోన్యా ఒదీలీ" అంది ఫోను. "మీ ఇంట్లో అందరూ క్షేమమా?"

"మీ దయ వల్ల లేరు" అంది అమ్మ, కూర్చుంటూ. గుడ్డ సంచీలోంచి కాఫీ చుక్కలు చుక్కలుగా దిగుతోంది. అమ్మ స్కోవ్ గారి వైపు తిరిగి, నా వైపు చూడకుండా, ఓల్మన్‌తో అంటున్నట్టు నాతో అంది. "ఆవిడతో చెప్పమను. ఈ ఇంట్లో నాకో కూతురుంది. తొమ్మిది రోజులుగా నాతో మాట్లాడటం లేదు."

నేను ఒక్క మాట కలపకూడదు, ఒక్క మాట తీయకూడదు.

"దోన్యా ఒదీలీ ఏమంటున్నారంటే" అన్నాను ఇంగ్లీషులో, "ఆవిడకి ఈ ఇంట్లో ఒక కూతురుందట. తొమ్మిది రోజులుగా తనతో మాట్లాడటం లేదట."

"అయ్యో" అన్నారు స్కోవ్ గారు. "కారణం?"

"కారణం ఏమిటని అడుగుతున్నారు."

"ఆ పిల్లనే అడగమను."

"ఆ పిల్లనే అడగాలట."

స్కోవ్ గారు నన్ను తేరిపార చూశారు. "ఆ కూతురు మీరే కదూ?"

"ఆ ప్రశ్నకు జవాబు చెప్పొద్దు" అంది ఫోను.

"వకీలుగారు జవాబు చెప్పొద్దంటున్నారు" అని అనువదించాను. ఇది కలిపిన మాటో కాదో నాకు తెలియలేదు.

"ఏమిటంటోంది?" అంది అమ్మ.

"ఆ కూతురు అక్కేనా అని అడిగింది" అన్నాడు ఓల్మన్, అరటికాయ ముక్క నముల్తూ. వాడికి ఇంగ్లీషు అంతగా రాదు గాని, మొహాలు బాగా వచ్చు.

"అవునని చెప్పమను. నేను చెప్తున్నానని చెప్పమను. తల్లి తన మీద చెప్పే నేరాలు ఆ కూతురే ఇంకో భాషలో చెప్పుకోవాల్సొస్తోందని కూడా చెప్పమను. దీనికేనా చదివించింది అని కూడా."

అన్నీ చెప్పాను. ఒక్కటీ వదల్లేదు. చెబుతున్నంతసేపూ చెవులు వేడెక్కాయి. జెనీవాలో ఒకసారి మంత్రిగారు మరో దేశం మంత్రిని గాడిద అన్నప్పుడు, "గౌరవనీయులు ఇంకా ఆలోచించుకోవాలి" అని తిప్పేసిన దాన్ని నేను. ఇప్పుడు నన్ను అన్న మాటల్లో ఒక్కదానికైనా ఆ మర్యాద జరగలేదు.

స్కోవ్ గారు నవ్వలేదు. కలం తీసి ఏదో రాసుకున్నారు. "మా అమ్మ కూడా ఇలాగే మాట్లాడేది" అన్నారు. "కానీ మా ఇంట్లో దుబాసి లేరు."

ఇది అమ్మకు చెబితే, అమ్మ ఆవిడ కప్పులో ఇంకో చెంచా పంచదార వేసింది. మా అమ్మ మెచ్చుకోవటం అలాగే ఉంటుంది.

ఆ తర్వాత అసలు సంగతికి వచ్చింది. పదహారేళ్ళు పెట్టుబడుల నిపుణురాలిగా పనిచేసిన నేను, ఆ వంటింట్లో నా వృత్తిని మొదటిసారి అవతలి వైపు నుంచి విన్నాను.

"గొట్టాలు ఎంత లావుంటాయి?" అని అడిగింది అమ్మ.

"సేమియా అంత."

"చేసేది ఆడవాళ్ళా, మగవాళ్ళా?"

"ఎక్కువగా ఆడవాళ్ళే. చేతులు సన్నగా ఉండాలి."

"రాత్రి పాళీ ఉందా? ఉంటే బస్సు మీరు పెడతారా, వాళ్ళు నడవాలా?"

స్కోవ్ గారు ఫైలు తిరగేశారు. "బస్సు గురించి పట్టణ రవాణా అని రాసుంది."

"ఇక్కడ సాయంత్రం ఆరుకి ఆఖరి బస్సు. ఆరు తర్వాత రవాణా అంటే మా ఓల్మన్ లారీ. దాంట్లో సీమవంకాయలు ఎక్కుతాయి గాని, ఆడపిల్లల్ని ఎక్కించనివ్వను."

ఓల్మన్ దగ్గాడు. నేను అనువదించాను. స్కోవ్ గారు రాసుకున్నారు.

"ఇంకోటి అడుగు" అంది అమ్మ. ఈసారి "అడగమను" అనలేదు. నాకు తెలిసింది, ఆమెకూ తెలిసింది. ఇద్దరం తెలియనట్టే ఊరుకున్నాం. "పదేళ్ళకు వీళ్ళకి ఇంకో దేశంలో పని చవగ్గా దొరికితే వెళ్ళిపోతారు కదా. అప్పుడు ఆ రోడ్డు లేచి మళ్ళీ పందిరవుతుందా?"

ఉన్నదున్నట్టు అనువదించాను. ఈ ప్రశ్న ఎనిమిది నెలలుగా నేను అడగాల్సింది. మా కాగితాల్లో దానికి పేరుంది, పెద్ద పేరు, మూడు ఉపవిభాగాలతో సహా. వాటిల్లో ఎక్కడా పందిరి లేదు.

స్కోవ్ గారు ఫైలు మూశారు. "అవదు" అన్నారు. "అవుతుందని చెబితే అబద్ధం."

అది అమ్మకు చెప్పాను. అమ్మ తలాడించింది. "ఈవిడతో మాట్లాడొచ్చు" అంది. "పటం తీయమను."

పటం బల్ల మీద పరిచారు. ఓల్మన్ అరటికాయల గిన్నె ఒళ్ళో పెట్టుకున్నాడు. ఫోనును పంచదార డబ్బా మీదకు ఎక్కించాం.

అమ్మకు చదువు నాలుగో తరగతి. పటం చూడటం ఎవరూ నేర్పలేదు. కానీ ఏటి గీత మీద వేలు పెట్టి, పైకి జరిపి, ఆగి, "ఇది కొత్త డిపో. ఇది మనం. ఇది బ్రిహిదా వాళ్ళ గొడ్లసావిడి" అంటూ తనే దారి పట్టుకుంది. వేలు ఫ్యాక్టరీ దాకా వెళ్ళింది. వెనక్కి వచ్చింది. మళ్ళీ వెళ్ళింది.

"ఇదేమిటి, ఇక్కడ ఇలా వంకర తిరిగింది?"

నేను అనువదించాను.

"సాంకేతిక కారణాలని ఊరి అభివృద్ధి సంఘం రాసింది" అన్నారు స్కోవ్ గారు.

"ఏం సాంకేతికం?" అంది అమ్మ. "ఇక్కడ ఎత్తు. లారీ ఎక్కాలంటే మూలగాలి. వానొస్తే నీళ్ళన్నీ ఇటే దిగుతాయి, ప్రతి అక్టోబరులో నా పందిరి గుంజలు నాలుగు కొట్టుకుపోతాయి. బుద్ధున్న వాడెవడైనా పాత రైలు కట్ట మీదుగా తిన్నగా పోతాడు. అది చదును. రాయి కూడా పరిచే ఉంది." వేలు ఆ కట్ట మీదుగా జరిపింది. ఆ వేలు ఒకచోట ఆగిపోయింది. "ఇది దోన్ ఎలాదియో కాఫీ తోట అంచు."

ఓల్మన్ నమలటం మానేశాడు.

అమ్మ తలెత్తింది. పొయ్యి వైపు కాదు, ఓల్మన్ వైపు కాదు, స్కోవ్ గారి వైపు కాదు.

"దుబాసిని ఒక మాట అడగాలి నేను" అంది. "ఈ రోడ్డు నా చేలోంచే పోవాలా? దుబాసికి తెలుసా, తెలియదా?"

నేను దాన్ని కూడా ఇంగ్లీషులో చెప్పాను. ఇంకేం చేయను?

"నాకూ తెలుసుకోవాలని ఉంది" అన్నారు స్కోవ్ గారు, కలం పటం మీద పెట్టేసి.

"లిసెన్సియాదా" అంది ఫోను, "దుబాసిని ప్రశ్న అడగకూడదు. దుబాసికి అభిప్రాయం ఉండదు. దయచేసి దోన్యా ఒదీలీకి ఆ సంగతి తెలియజేయండి."

"పెట్టెలో ఆయనతో చెప్పు" అంది అమ్మ, చాలా నెమ్మదిగా. "నేను దుబాసిని అడగటం లేదు. నా కూతుర్ని అడుగుతున్నాను."

నాకు తెలుసు. అదే నా బాధ.

రెండు నెలల కిందట సంఘం పంపిన మొదటి పటంలో రోడ్డు తిన్నగానే ఉండేది, పాత రైలు కట్ట మీదుగానే. పదకొండు రోజుల కిందట వచ్చిన రెండో పటంలో వంకర తిరిగింది. ఎందుకని అడుగుతూ ఉత్తరం రాయబోయాను. అప్పటికే దోన్ విల్బెర్త్ కాగితం మీద నా సంతకం పడింది. నేను ఆ వంకరను ప్రశ్నిస్తే, ఉద్యోగాన్ని అడ్డం పెట్టుకుని తల్లి చేను కాపాడుకుందంటారు. ప్రశ్నించకపోతే, తప్పని తెలిసీ ఊరుకున్నట్టు. నిజాయితీగా ఉంటానని సంతకం పెట్టినందుకు నిజం చెప్పటానికి వీల్లేకుండా పోయింది. తొమ్మిది రోజులుగా అన్నం సహించకపోవటానికి కారణం అమ్మ మౌనం ఒక్కటే కాదు.

ఇప్పుడు చెబితే ఉద్యోగం పోతుంది. చెప్పకపోతే అమ్మ సరే అన్నా, కాదన్నా, ఆ అనటం అబద్ధం మీద అన్నట్టవుతుంది. మా ఇంట్లో మొదటి డిగ్రీ కోసం ఆమె పందిరి కింద ఎన్ని వేల బుట్టలు నింపిందో ఎవరూ లెక్కపెట్టలేదు. ఆ డిగ్రీతో వచ్చిన కుర్చీలో కూర్చుని, ఆమె ఎదురుగా తెలియదని ఎలా చెప్పను?

"దోన్ విల్బెర్త్" అన్నాను. "టైమెంతయింది?"

"నాలుగూ నలభై రెండు. ఎందుకు?"

"రాసుకోండి. నాలుగూ నలభై రెండు నుంచి నేను మీ ఉద్యోగిని కాను."

"అక్కా" అన్నాడు ఓల్మన్.

"లిసెన్సియాదా, ఇలాంటివి ఫోనులో కుదరవు. రాతపూర్వకంగా, రెండు ప్రతుల్లో..."

"రేపు పంపుతాను" అని, ఫోను మొహం కిందికి తిప్పి పెట్టాను. అమ్మ వైపు తిరిగాను. తొమ్మిది రోజుల తర్వాత ఆమె కళ్ళలోకి చూడటం కష్టంగానే ఉంది.

"అక్కర్లేదమ్మా. ఈ రోడ్డు మన చేలోంచి పోనక్కర్లేదు. మొదటి పటంలో నువ్వు చెప్పినట్టే, రైలు కట్ట మీదుగా ఉండేది. తర్వాత మార్చారు. నేను రెండూ చూశాను."

అమ్మ గెలిచినట్టు మొహం పెట్టలేదు. నా కప్పు తీసుకుని, చల్లారిన కాఫీ పారబోసి, వేడిది పోసి నా ముందు పెట్టింది.

"ఇప్పుడు ఉద్యోగం లేదన్నమాట" అంది.

"లేదు."

"అన్నం తిను ముందు."

ఓల్మన్ లోపలికి వెళ్ళి ముక్కు చీదుకుని వచ్చాడు. జలుబన్నాడు.

"క్షమించాలి" అన్నారు స్కోవ్ గారు ఇంగ్లీషులో. ఆవిడ మమ్మల్నిద్దర్నీ మార్చి మార్చి చూస్తున్నారు. "మీరిప్పుడు ఏం చెప్పారు? అది నాకు అనువదించలేదు."

అవును, అనువదించలేదు. అమ్మతో చెప్పటం ఒక ఎత్తు. ఈవిడకి చెబితే, పటం తారుమారు చేసిన ఊళ్ళో ఫ్యాక్టరీ పెట్టరు. నాలుగు వందల ఉద్యోగాలు ఐదింటికి విమానమెక్కేస్తాయి. చెప్పకపోతే, ఇప్పుడే వదులుకున్న ఉద్యోగం ఎందుకు వదులుకున్నట్టు?

నేను నోరు తెరిచే లోపలే గుమ్మం దగ్గర బూట్లు దులుపుకుంటున్న చప్పుడైంది. భుజం మీది పట్టీ తడిసి పొట్టకు అంటుకుపోగా, దోన్ ఎలాదియో లోపలికి తొంగిచూశాడు. వెనక ఊరి ఇంగ్లీషు టీచరు, ఒకే గొడుగు కింద సగం తడిసి.

"మొత్తానికి ఇక్కడున్నారా. మేళంవాళ్ళు రెండు గంటలు వానలో వాయిస్తూనే ఉన్నారు పాపం. దుబాసిని తెచ్చానండీ" అన్నాడు, అందరికీ కలిపి ఒక నవ్వు నవ్వుతూ.

అమ్మ ఒక్క క్షణం ఆయన వంక చూసింది. కుర్చీ లాగింది. ఇంకో కప్పు తీసి కాఫీ పోసింది. ఇంటికొచ్చిన మనిషికి ముందు కాఫీ, తర్వాతే ఏదైనా.

స్కోవ్ గారు పటాన్ని నెమ్మదిగా దోన్ ఎలాదియో వైపు తిప్పారు. ఇంగ్లీషు టీచరుని పక్కన కూర్చోబెట్టుకున్నారు. కలం మూత తీశారు.

"మంచి సమయానికి వచ్చారు" అని ఆయనతో చెప్పి నా వైపు తిరిగారు. "మీ అమ్మగారితో అన్న ఆ మాట ఇంకొక్కసారి చెప్పండి. ఈసారి అందరూ వినేలా."

టీచరు దాన్ని తు.చ. తప్పకుండా అనువదించాడు.

"ఏ మాట?" అన్నాడు దోన్ ఎలాదియో, కప్పులో పంచదార కలుపుకుంటూ. నేను పటం మీద, రోడ్డు వంకర తిరిగిన చోట వేలు పెట్టాను.